పెద్దత్త తిప్పిన చెప్పులు

మొన్న కాశీబుగ్గ బజారులో పింగాణీ కప్పులు బేరం చేస్తుంటే కొట్టువాడికి నా మీద దయ కలిగింది. "అవి వొద్దమ్మా. జపాను సరుకు, పైకి తళుకేగాని నిలవ్వు. ఇంగ్లీసుయి తీసుకో తల్లీ" అన్నాడు. నాకు ఎక్కడలేని కోపం వచ్చింది. పాపం, వాడన్నదాంట్లో తప్పేమీ లేదు. కాని నాకు తెలిసిన జపాను సరుకు ఒక్కటే, అది మా పెద్దత్త. బారువ ఉప్పుగాలికీ, మా అత్తగారి నోటికీ కూడా తట్టుకుని డెబ్భై దాటిందాకా నిలిచింది. ఆ సంగతి వాడికి చెప్పి ఏం లాభం? మొండికేసి జపాను కప్పులే కొనుక్కుని ఇంటికి వచ్చాను. అప్పటినుంచి ఏ పని ముట్టుకున్నా ఆవిడే గుర్తొస్తోంది.

పెద్దత్త అంటే మా అత్తగారి అక్క. జపాను మనిషేం కాదు, బారువలో పుట్టిన మనిషే. పడుచుతనంలో మొగుడితో బతుకుతెరువుకి సముద్రం దాటి రంగం పట్నం వెళ్ళింది. ఆ రోజుల్లో మా ఉద్దానంలో రంగం వెళ్ళని ఇల్లు లేదు. స్టీమరు వచ్చి సముద్రంలో నిలబడేది, పడవల్లో జనం ఎక్కేవారు. అక్కడ మొగుడు జ్వరం తగిలి పోతే, బియ్యం కంపెనీ దొర ఇంట్లో వాళ్ళ పాపని పెంచడానికి ఆయాగా కుదిరింది. కొన్నాళ్ళకి కంపెనీవాళ్ళు ఆ దొరని జపానుకు పంపారు. దొరసాని, పాపతోపాటు ఈవిణ్ణి కూడా ఓడెక్కించుకుని కోబే అనే రేవు పట్నానికి తీసుకుపోయింది. అక్కడ కొన్నేళ్ళుండి, చేతిలో ఒక ట్రంకుపెట్టెతో చెల్లెలింటికి వచ్చి చేరింది. నేను ఆ ఇంటికి కోడలిగా వెళ్ళేటప్పటికే ఊరంతా ఆవిణ్ణి జపానమ్మ అని పిలిచేది. ఇంతకుమించి ఆవిడ చరిత్ర నాకు తెలియదు. తెలిసినవల్లా ఆవిడ చేష్టలు.

సన్నగా, పొడుగ్గా ఉండేది. నడుస్తుంటే కాళ్ళ చప్పుడు వినపడేది కాదు. వెనక వచ్చి నిలబడిందని తెలియక నేను ఉలిక్కిపడిన సందర్భాలు బోలెడు. ఎవరికి ఏది ఇచ్చినా రెండు చేతులతోనే ఇచ్చేది, ఉప్పురాయైనా సరే. ఏ వస్తువైనా ఒంటిగా గడప దాటనిచ్చేది కాదు. కొబ్బరికాయైనా, ఎండుచేపలైనా, నాలుగు మూలల గుడ్డలో చుట్టి, పైన రెండు చెవులు నిక్కబొడుచుకున్నట్టు ముడేసి పంపేది. ఇచ్చాక ఆ గుడ్డ మళ్ళీ తిరిగి రావాలి. రాకపోతే స్వయంగా వెళ్ళి, గుమ్మం దగ్గర నిలబడి, నడుం వంచి, నవ్వి, తెచ్చుకునేది. చేపలమ్మే వాళ్ళు కూడా ఆవిడ ముందు రెండు చేతులూ చాపడం నేర్చుకున్నారు.

సాయంకాలం స్నానం మరో పెద్ద భాగోతం. మా పెరట్లో వడ్లు నానబోసే పెద్ద గాబు ఒకటుండేది. ముందు బయట రాతిమీద కూచుని ఒళ్ళంతా సున్నిపిండితో తోముకుని, కడుక్కుని, అప్పుడు గాబులో వేణ్ణీళ్ళు పోయించుకుని పీకలదాకా మునిగి కూచునేది. పొయ్యిలో మట్టల మీద మట్టలు కాలిపోతుంటే మా అత్తగారి కడుపు కాలేది.

"ఓలప్పా, నీ నీల్లకే కొబ్బరి మట్టలన్నీ అయిపోతన్నాయి. కూడొండడానికి ఏటి మిగిల్సినావు?"

"కూడు రేపు కూడా తింతాం. ఒల్లు ఇయ్యేలే నొప్పెడతంది" అనేది పెద్దత్త గాబులోంచి.

కడుక్కున్నాక మళ్ళీ నీళ్ళలో కూచోవడం ఎందుకని నేనొకసారి అడిగాను. జపానువాళ్ళ పద్ధతి అది అని చెప్పింది. "దొర తొట్టిలో కూకుని, అందులోనే సబ్బు రాసుకుని, ఆ మురికిలోనే మునిగి లేత్తాడు. జపానోల్లు సుబ్బరంగా కడుక్కున్నాకే తొట్టిలో దిగుతారు. ఆల్లని సూసి దొర నవ్వుతాడు. దొరని సూసి ఆల్లు ముక్కు మూసుకుంతారు. ఇద్దరికీ ఇద్దరూ మురికోల్లే" అని చేత్తో నోరు మూసుకుని కిలకిలా నవ్వింది. అంత వయసులో కూడా నవ్వితే పళ్ళు కనపడనిచ్చేది కాదు.

ఆ రోజుల్లో బారువలో టీ తాగే మనిషి కూడా ఆవిడొక్కతే. స్టీమరు మీద పనిచేసేవాళ్ళెవరో ఆకు తెచ్చి ఇచ్చేవారు. పాలు లేవు, పంచదార లేదు. ఒకనాడు నాకూ ఒక గిన్నెలో పోసింది. వేపచిగురు మరిగించినట్టుంది. కాదంటే ఏమనుకుంటుందోనని గటగటా తాగేశాను. నచ్చిందనుకుని మళ్ళీ పోసింది. నా మొహం చూశాక ఇక ఆవిడ నవ్వు ఆగలేదు.

"నీలాగేనే మా దొరసానీ, ఆ జపానావిడీ" అంది. ఆ జపానావిడ అంటే, దొర కంపెనీ బియ్యం కొనే పెద్ద షావుకారు భార్య. "ఆవిడ మా ఇంటికొత్తే దొరసాని పాలు పోసి టీ ఇచ్చీది. ఆవిడికి పాల వోసనంతే కడుపులో తిప్పుతాది. వొద్దంతే మరేద కాదు. రెండు సేతుల్తో పట్టుకుని, కల్లు మూసుకుని తాగీసీది. బాగున్నాదేమోనని దొరసాని మల్లీ పోసీది. దొరసాని ఆల ఇంటికెల్తే సేదు టీ. ఈవిడా నవ్వుతానే తాగీది. ఏడాది పొడుగునా ఒకరికొకరు ఆవదం పోసుకున్నారమ్మా."

"అయితే నువ్వు సెప్పొచ్చు కదా పెద్దత్తా, ఇద్దరికీ?"

"ఆల లెక్క ఆలది. మద్దిన మనకేటి?"

ఈ మాట ఆవిడ నోట్లో నానుతూనే ఉండేది. పక్కింట్లో మొగుడూ పెళ్ళాం దెబ్బలాడుకున్నా, పడవ వాటాల దగ్గర జాలర్లు జుట్టూజుట్టూ పట్టుకున్నా, మా అత్తగారు నా వంట మీద విసుక్కున్నా "ఆల లెక్క ఆలది" అని తన దారిన తాను పోయేది. నాకు ఒళ్ళు మండేది. నా తరఫున ఒక్క మాట అంటే ఆవిడ సొమ్మేం పోయింది? ఇన్ని సముద్రాలు దాటి వచ్చిన మనిషికి ఇంత పట్టకపోవడం ఏమిటి అనుకునేదాన్ని. కొత్తకోడలిని. నాకు ఎవరో ఒకరు కావాలి. ఆ ఇంట్లో నా వాళ్ళు అనదగ్గ వాళ్ళు నాకు కనపడలేదు.

ఇక చెప్పుల సంగతి. మా ఇంటికి ఎవరొచ్చి చెప్పులు విడిచినా, వాళ్ళు లోపలికి వెళ్ళగానే పెద్దత్త పిల్లిలా వచ్చి, వంగి, వాటిని జత కలిపి, ముందు భాగం వీధివైపుకు వచ్చేలా తిప్పి పెట్టేది. తిరిగి వెళ్ళేటప్పుడు వచ్చిన మనిషి వెనక్కి తిరిగి తంటాలు పడకుండా, దిగుతూనే కాలు పెట్టి పోవచ్చు. కోబేలో ఇల్లాలు అతిథికి చేసే మర్యాదట. మొదట్లో ఊళ్ళో గొడవలయ్యాయని మా ఆయన చెప్పేవాడు. ఊరి కరణం గారైతే "నన్ను పొమ్మంటోందా ఈ ముసిల్ది?" అని కేకలేశాడట. తరవాత తరవాత అందరికీ అలవాటైపోయింది. జపానమ్మ చెప్పులు తిప్పకపోతే ఆవిడకి ఒంట్లో బాగాలేదేమోనని అడిగేవారు. అంతగా అలవాటైపోయింది గనకనే, బయటి మనిషి వచ్చినప్పుడు ముందుగా ఒక మాట చెప్పాలని మాకెవరికీ తోచలేదు.

నాకు ఏడో నెల నడుస్తుండగా మా నాన్న నన్ను పురిటికి తీసుకువెళ్ళడానికి బారువ వచ్చాడు. పలాస దగ్గర మా ఊరు. నాన్న మంచి సేద్యగాడే గాని మర్యాద విషయంలో మహా చెడ్డ మనిషి. ఒక పెళ్ళిలో తాంబూలం తనకంటే ముందు తమ్ముడికి అందించారని, అది తమ్ముడు పుచ్చుకున్నాడని, మా చిన్నాన్నతో మాట మానేశాడు. ఇద్దరి ఇళ్ళకీ మధ్య ఒక్క గోడే. ఆ గోడ ఇవతలినుంచి అవతలికి మా నాన్న చూపు కూడా వెళ్ళేది కాదు. అలాంటి మనిషి, కొత్త కిర్రు చెప్పులు తొడుక్కుని, అవి కిర్రుకిర్రుమంటుంటే ఊరంతా తిరిగి చూసేలా బండి దిగాడు. కాళ్ళకి నీళ్ళిచ్చాం. మా అత్తగారు చందువ చేపల పులుసు వండింది. మా ఆయన పక్కన కూచుని పంటల కబుర్లు చెబుతున్నాడు. నా ప్రాణం గాలిలో తేలుతోంది. రేపు ఈ వేళకి అమ్మ దగ్గర ఉంటాను.

విస్తళ్ళు వేస్తుండగా నాన్నకి గుర్తొచ్చింది. అమ్మ నాకోసం చేసి పంపిన చిమ్మిలి ఉండల బుట్ట బండిలోనే ఉండిపోయింది. తెస్తానని బయటికి వెళ్ళాడు. వెళ్ళినవాడు గుమ్మంలో ఆగిపోయాడు. లోపలికి చూసేట్టు విడిచిన చెప్పులు వీధికేసి చూస్తున్నాయి.

"ఇవెవులు తిప్పినారు?" అన్నాడు.

పెద్దత్త ఎంతో సంతోషంగా ముందుకొచ్చి, "నానే తిప్పినాను బాబూ" అంది.

నాన్న మొహం నల్లబడిపోయింది. "నానేటి అడుక్కోడానికి వచ్చినానా? కూతుర్ని పురిటికి తీసుకెల్దామని వచ్చినాను. ఇంకా కూడు ముట్టనేదు, పొమ్మని సెప్పులు ఈది మొగం తిప్పీసినారు. బాగున్నాది మీ మరేద!" అని వాటిలో కాళ్ళు దూర్చాడు.

"మావా, ఆగు మావా, అది పొమ్మని కాదు" అంటూ మా ఆయన పరిగెత్తాడు. నేను "నాయినా, ఎల్లిపోకు" అంటూ గోడ పట్టుకుని వచ్చేసరికి ఆయన బండి దగ్గరున్నాడు. పెద్దత్త కంగారుపడి, తప్పు జరిగిందని, గుమ్మంలో నిలబడి నడుం వంచింది. లేచి మళ్ళీ వంచింది. నాన్న ఒకసారి వెనక్కి తిరిగి చూశాడు. ఆవిడ వంగడం చూసి ఇంకా మండిపోయాడు. "సూడు, సాగనంపతన్నాది కూడా!" అన్నాడు. బండి కదిలింది. అమ్మ చేసిన చిమ్మిలి కూడా అందులోనే వెనక్కి వెళ్ళిపోయింది. సిగ్గులేకుండా చెబుతున్నాను, ఆ క్షణాన నాకు ముందు ఏడుపొచ్చింది ఆ చిమ్మిలికే.

తరవాతే అసలు భయం పట్టుకుంది. పిలవనిదే, వచ్చి తీసుకువెళ్ళనిదే పురిటికి పుట్టింటికి వెళ్ళడం మా వైపు లేదు. నాన్న సంగతి నాకు తెలుసు. మా చిన్నాన్న గడప ఇన్నేళ్ళుగా తొక్కనివాడు నా గడప తొక్కుతాడా? మా ఆయన వెళ్ళి బతిమాలతానంటే అత్తగారు వెళ్ళనివ్వలేదు. "మనం పొమ్మన్నేదు. ఆయనే ఎల్నాడు. వత్తే ఆయనే వత్తాడు. నా కొడుకు ఎల్లి ఆల గుమ్మంలో నిలబడాలా?" అంది. రెండు ఇళ్ళూ అలా బిగుసుకుపోతే మధ్యలో నా పురుడేమవుతుంది? నాకు అమ్మ కావాలి. అంతే. ఇంకేమీ ఆలోచించలేకపోయాను.

ఆ మధ్యాహ్నం పెరట్లో కొబ్బరిపీచు పరిచిన చోట కూచుని ఏడుస్తుంటే పెద్దత్త వచ్చి పక్కన చతికిలబడింది. ఓదార్చలేదు. సముద్రంవైపు చూస్తూ చెప్పింది.

"అక్కడా ఇదే అయినాదమ్మా. షావుకారు మా దొరని ఇంటికి పిలిసినాడు. గుమ్మంలో బూట్లు ఇప్పాలంటే దొరకి సిన్నతనం. అయినా ఇప్పినాడు. పొట్ట అడ్డం, తాడులు రావు, సెమట్లు కక్కీసినాడు పాపం. నానూ పాపా ఎనకాల. లోపల మాకు మిఠాయి ఎట్టినారు. దొర సుట్ట తెచ్చుకుందామని బయటికొచ్చి సూసినాడు. షావుకారు పెల్లాం ఆ బూట్లు ఈదికేసి తిప్పి పెట్టింది. తనని పొమ్మంతన్నారనుకున్నాడు. అంత కట్టపడి ఇప్పినాను, ఇదా మీరు సేసీదని, ఎర్రగా కందిపోయి, పాప రెక్క పట్టుకుని లాక్కుని వచ్చీసినాడు. ఆవిడ గుమ్మంలో నిలబడి వంగతానే ఉన్నాది. ఆవిడ వంగినకొద్దీ ఈయనకి మండిపోనాది. ఇయ్యేల నానూ అదే సేసినాను కదే. వంగినాను."

"తరవాత?"

"తరవాతేటున్నాది. ఎవులూ ఎవుల ఇంటికీ ఎల్నేదు. ఆ షావుకారు బియ్యం కొనడం మానేసినాడు. కంపెనీ దొరని ఎనక్కి రమ్మంది. పాపని తీసుకుని ఆల్లు ఆల దేసానికి, సీమకెల్లిపోనారు. నన్ను రంగం ఓడెక్కించినారు."

"పాప ఏడవనేదా?"

పెద్దత్త నోటిమీద చెయ్యి పెట్టుకుంది. నవ్వినప్పుడు పెట్టుకునేట్టే. కాని నవ్వలేదు. "దానికి అన్నం తినిపిత్తే నా సేత్తోనే తినాలి. మరి అక్కడ ఎలా తిన్నాదో" అంది. ఈసారి 'ఆల లెక్క ఆలది' అనలేదు. లేచి లోపలికి వెళ్ళిపోయింది.

మర్నాడు తెల్లారి చూస్తే పెద్దత్త లేదు. ఆవిడ టీ గిన్నె కడిగి బోర్లించి ఉంది. మా అత్తగారు లబోదిబోమంది. ఊళ్ళో వెతికాం. తీరా ఒక బండివాడు వచ్చి, జపానమ్మని సోంపేట స్టేషనులో రైలెక్కించి వచ్చానని చెప్పాడు.

ఆ తరవాత జరిగింది నేను చూడలేదు. మా అమ్మ చెప్పగా విన్నది. ఎన్నిసార్లు చెప్పించుకున్నానో!

పలాసలో రైలు దిగి, దారి అడుగుతూ అడుగుతూ, పొలాల గట్లమ్మట నడిచి మిట్టమధ్యాహ్నానికి మా ఊరు చేరిందట. నాన్న వసారాలో మంచం మీద కూచుని ఉన్నాడు. ఆవిణ్ణి చూడగానే గుర్తుపట్టి మొహం గోడవైపు తిప్పుకున్నాడు. "లోపలికి రా అప్పా" అని అమ్మ పిలిచినా రాలేదు. చేతిలో గుడ్డలో చుట్టిన కొబ్బరికాయ అమ్మకి రెండు చేతులతో అందించి, వాకిట్లో ఎండలో మోకాళ్ళ మీద కూచుంది. రెండు అరచేతులూ నేలకి ఆనించి, నుదురు మట్టికి తగిలేలా నాన్న ముందు వంగింది.

కోబేలో తప్పు ఒప్పుకోవలసి వస్తే అలాగే చేస్తారట. ఆవిడ లెక్క అది. కాని మా వైపు పెద్దవాళ్ళు చిన్నవాళ్ళకి దండం పెడితే చిన్నవాళ్ళకి ఆయుష్షు తరిగిపోతుందని గట్టి నమ్మకం. పెద్దత్తకి మా నాన్న కొడుకు వయసువాడు. గోడవైపు చూస్తున్న మనిషి అమ్మ కేకకి ఇటు తిరిగి, ఆవిడ నుదురు నేలకి ఆని ఉండడం చూసి మంచం మీదనుంచి ఎగిరి దూకాడట.

"ఓలమ్మో! నన్ను సంపీత్తావేటి! లెగు తల్లీ, లెగు!"

ఆవిడ లేవలేదు. క్షమించానని అవతలివాళ్ళు చెప్పిందాకా లేవకూడదు మరి. నాన్న భుజాలు పట్టి లేపబోయాడు. కదల్లేదు. ఆవిడ వంగి ఉన్న ఒక్కొక్క క్షణానికీ తన బతుకులో ఎంత కొట్టుకుపోతోందోనని ఆయన భయం. ఆ దండం వెనక్కి ఇచ్చేస్తే తప్ప లాభం లేదని తోచి, ఆయన కూడా ధబాలున ఆవిడ ఎదురుగా బోర్లా పడ్డాడు. ఆవిడ అలికిడికి తల ఎత్తి చూసి, అవతలిమనిషి తనకంటే కిందికి వంగాడే, ఇది మర్యాద కాదనుకుని ఇంకా కిందికి వంగింది. ఆయన మరీ అంటుకుపోయాడు. నడివాకిట్లో, మిట్టమధ్యాహ్నం, మట్టిలో ఇద్దరూ అలా ఎదురెదురుగా నుదుళ్ళు నేలకి ఆనించి ఉంటే ఇరుగూపొరుగూ మూగిపోయారు. గోడ అవతలనుంచి మా చిన్నాన్న కూడా మెడ చాచి చూశాడట. మా అమ్మకి నవ్వాలో ఏడవాలో తెలియక కొంగు నోట్లో కుక్కుకుంది. చివరికి అమ్మే పెద్దత్త చెవి దగ్గర వంగి, "వత్తాడప్పా, పిల్లని తేడానికి వత్తాడు. నువ్వు లెగు, లేపోతే ఈయన లెగడు" అని చెబితేగాని ఆ తంతు ముగియలేదు.

కాళ్ళూ చేతులూ కడిగించి, అంబలి పోసి, అమ్మ ఆవిడ చుట్టూ తిరిగి సంగతంతా అడిగింది. అప్పుడు దొర బూట్ల కథంతా పెద్దత్త వాళ్ళకి కూడా చెప్పింది. నాన్న దూరంగా నిలబడి విన్నాడట. మర్నాడు పొద్దున్నే బయలుదేరి, ఆవిడ మూట తనే పట్టుకుని, రైల్లో పక్కన కూచోబెట్టుకుని బారువ తీసుకువచ్చాడు.

ఇద్దరూ బండి దిగి వస్తుంటే నేను గుమ్మంలో నిలబడి చూశాను. నాన్న చేతిలో చిమ్మిలి బుట్ట ఉంది. నడక మట్టుకు ఇంకా బిగుసుకునే ఉంది, తలపాగా కిందికి వంచలేదు. కాని వచ్చాడు. నేరుగా లోపలికి వచ్చి, పీట మీద కూచుని, మా అత్తగారు వడ్డించిందల్లా మారు మాట్లాడకుండా తిన్నాడు. మా అత్తగారు కూడా తక్కువ తినలేదు. మాట పెగల్లేదు గాని, చేపముక్కలు మాత్రం ఏరి ఏరి పెద్దవి వేసింది. రాజీ అంటే ఆ ఇద్దరికీ అంతే. నేను తలుపు వెనక నిలబడి, సంతోషంతో వెక్కి వెక్కి ఏడ్చాను.

మర్నాడు నన్ను తీసుకువెళ్ళేటప్పుడు, కొబ్బరితోటల మధ్య బండి మెల్లగా పోతుంటే నాన్న ఎటో చూస్తూ అన్నాడు. "అమ్మా, ఆ బూట్ల కత నాను నమ్మనేదు. దొరలేటి, సెప్పులు తిప్పడమేటి, ఎవుడైనా నమ్మీదేనా? ముసిలమ్మ ఎక్కడో కల్పించింది."

"మరెందుకొచ్చినావు నాయినా?"

"ఆ వయసులో, ఆ ఎండలో, నీకోసరం ఒక మనిసి అంత దూరం వచ్చి మట్టిలో పడిపోనాది. ఆ ఇంట్లో నీకు తల్లి ఉన్నాదని నమ్మినాను. అందుకొచ్చినాను" అన్నాడు. ఎవరూ లేరనుకుని కుళ్ళిపోయిన ఇంట్లో, పట్టనట్టు తిరిగే మనిషి నాకోసం బయలుదేరిందన్న సంగతి, నాకంటే ముందు మా నాన్నకి తెలిసింది.

అమ్మ దగ్గర చల్లగా పురుడు పోసుకుని, ఆడపిల్లతో బారువ తిరిగివచ్చాను. అప్పటినుంచి పిల్లకి నీళ్ళు పొయ్యడం పెద్దత్త పని. కాళ్ళు చాపుకుని, వాటిమీద పిల్లని పడుకోబెట్టుకుని, ఆముదం రాసి, వేణ్ణీళ్ళు పోస్తూ ఏదో పాట పాడేది. అందులో సగం మన మాటలు, సగం ఎక్కడివో. పిల్ల ఆ పాట వింటూ కళ్ళు అరమూసి ఊరుకునేది. ఆ వేడినీళ్ళ ఆవిరి, సున్నిపిండి వాసన, వెనకనుంచి సముద్రం హోరు, ఇవన్నీ ఇప్పటికీ నాకు ఒక్కచోటే ఉన్నాయి. అంత హాయైన పొద్దులు నా బతుకులో మళ్ళీ రాలేదు.

అలాంటి ఒక పొద్దున, చెంబుతో నీళ్ళు అందిస్తూ నేను నోరు జారాను. "మా నాయిన నీ బూట్ల కత నమ్మనేదట పెద్దత్తా. నువ్వు కల్పించినావన్నాడు."

బాధపడుతుందేమోనని ఆవిడ మొహంలోకి చూశాను. పెద్దత్త నవ్వింది. "నమ్మకపోతే ఏటిలే. వచ్చినాడు కదా" అంది.

పిల్ల కళ్ళలో నీళ్ళు పడకుండా నుదుటికి అరచెయ్యి అడ్డంపెట్టి, మరో చెంబు పోసింది. తరవాత నాతో కాదు, పిల్లతో చెబుతున్నట్టుగా మెల్లగా అంది.

"ఆ దొర నమ్మినాడు."

నాకు అర్థం కాలేదు. "ఏటి నమ్మినాడు?"

"షావుకారింట్లో వంటామె నాకు సెప్పింది, అది పొమ్మనడం కాదు, మరేద అని. నాను ఆ సాయంకాలమే దొరసానికి సెప్పినాను. ఎప్పుడూ ఎవులకీ సెప్పనిదాన్ని, పాప కోసరం ఆ ఒక్కసారి సెప్పినాను. ఆవిడ దొరకి సెప్పింది. అయ్యో అలాగా, తప్పు నాదే అన్నాడు. రేపెల్లి ఆలతో మాటాడతానన్నాడు. రేపు, రేపు అనుకుంటా ఓడెక్కే రోజు వచ్చీసింది. నమ్మినాడమ్మా" అంది పెద్దత్త, పిల్లని గుండెకి ఎత్తుకుని కొంగుతో తల తుడుస్తూ. "నమ్మినాడు గాని, ఎల్నేదు."